సాక్షి జ్ఞాపకానికీ కోర్టు కాగితానికీ పొంతన కుదరకపోతే ఏం రాయాలి?

గుండ్లకమ్మ గట్టు (ఒంగోలు)

అందరికీ నమస్కారం. మన ప్రాంతంలో జరిగిన కులదాడుల కేసుల్లో ధైర్యం చేసి సాక్ష్యం చెప్పినవాళ్ళ మీద పిహెచ్‌డి చేస్తున్నాను. మూడో ఏడాది నడుస్తోంది. ఒకచోట కలం ఆగిపోయింది. ఇక్కడ కోర్టు సంగతులు తెలిసినవారు, ఆ రోజులు కళ్ళారా చూసినవారు ఉన్నారు కాబట్టి అడుగుతున్నాను.

కారంచేడుతో మొదలుపెట్టాను. 1985 జూలై 16న మాదిగపల్లె వాళ్ళు తాగే చెరువు దగ్గర కుడితి బకెట్టు కడగవద్దన్నందుకు ఒక కుర్రాడి మీదికి చెయ్యి లేవడం, నీళ్ళకు వచ్చిన సువార్త అడ్డుపడి బిందె ఎత్తడం, మర్నాడు ఊరి భూస్వాములు పల్లె మీద పడి తరిమి తరిమి ఆరుగురిని చంపడం ఇక్కడ చాలామందికి తెలిసినవే. బతికి బయటపడ్డవాళ్ళు చీరాల చేరారు. బొజ్జా తారకం గారు హైకోర్టులో ప్రభుత్వ న్యాయవాది పదవి వదులుకుని వాళ్ళ పక్కన నిలబడ్డారు. దళిత మహాసభ ఆ దుఃఖంలోంచే పుట్టింది. సుప్రీంకోర్టు తీర్పు 2008 డిసెంబరులో వచ్చింది: ఒకరికి యావజ్జీవం, 29 మందికి మూడేళ్ళు. మధ్యలో ఇరవై మూడేళ్ళు గడిచాయి. అంతకాలం వాయిదాలకు తిరిగేవాళ్ళు ఎలా బతుకుతారన్నదే నా పరిశోధన.

అయితే నేను ఆగిపోయింది కారంచేడు దగ్గర కాదు. ఇంత పేరు పడని మరో ఊళ్ళో, మరో కేసు దగ్గర. ఊరి పేరు రాయను. ఆ కేసులో సాక్ష్యం చెప్పిన ఒక అమ్మమ్మకు ఇప్పుడు డెబ్భై దాటాయి. ఇనప ట్రంకుపెట్టె తీసి, పాలిథిన్ సంచిలో చుట్టిన సమన్లు చూపించింది. పురుగు పట్టకుండా మధ్య మధ్యలో వేపాకు పెట్టింది. మొత్తం పదకొండు. చదువు రాదు, కానీ ఏది ఏ వాయిదాదో తడుముకోకుండా చెప్పింది. "ఇది పెద్దదానికి నొప్పులొచ్చిన రోజుది. ఇది బస్సు తప్పిపోతే టంగుటూరు నుంచి నడిచిన రోజుది. ఇది జడ్జిగారు రాని రోజుది."

చిక్కంతా ఇక్కడే. దాడి కోతల కాలంలో జరిగిందని ఆమె అంటుంది. కాగితాల్లో జూన్ నెల ఉంది. మూడుసార్లు వెళ్ళి మూడు రకాలుగా అడిగాను. మూడుసార్లూ కోతలే. దీన్ని జ్ఞాపకపు పొరపాటుగా గుర్తించి పక్కన పెట్టమని, ఆమెను బాధితుల పట్టికలో చేర్చమని సలహా వచ్చింది. నాకు రెండూ మనస్కరించడం లేదు. పెద్దలు దారి చూపాలి.

కోర్టు వరండా (ఒంగోలు)

ఇరవై ఆరేళ్ళుగా క్రిమినల్ వైపు ప్రాక్టీసు చేస్తున్నాను. మీ అమ్మమ్మ చెప్పిన "కోతలు" అన్న ఒక్క మాట ఎంత పని చేస్తుందో చెబుతాను.

సాక్షి పోలీసులకు ఇచ్చిన వాంగ్మూలం ఒకటి ఉంటుంది. ఏళ్ళ తరువాత బోనులో చెప్పేది ఇంకొకటి. ఈ రెండింటి మధ్య సందు వెతకడమే, ఎదురు ప్రశ్నలు వేసే క్రాస్‌లో మా పని. "జూన్‌లో కోతలు ఎక్కడివమ్మా?" అని ఒక్కసారి గట్టిగా అడిగితే ఆమె నేల చూపులు చూస్తుంది. ఆ చూపు చాలు. ఎంతోమంది సాక్షులను ఇలాగే కూలదోశాం. ఈ మాట ఒప్పుకోవడానికి నాకు కష్టంగానే ఉంది.

చుండూరు గుర్తుంది కదా. 1991 ఆగస్టు 6. ఎనిమిది మంది దళితులను చంపి, గోనెసంచుల్లో కుక్కి కాలువల్లో పడేశారు. సాక్షులు దూరం తిరగనక్కర లేకుండా ఆ ఊళ్ళోనే ప్రత్యేక కోర్టు పెట్టించుకున్నారు. 2007 జూలై 31న 21 మందికి యావజ్జీవం, 35 మందికి ఏడాది శిక్ష పడ్డాయి. 2014 ఏప్రిల్‌లో హైకోర్టు అందరినీ వదిలేసింది. ఎప్పుడు చనిపోయారు, ఎక్కడ చనిపోయారు, చంపింది ఫలానావాళ్ళేనా అన్నవి ప్రాసిక్యూషన్ రుజువు చేయలేకపోయిందన్నది. పొలాల వెంట ప్రాణాలు చేతపట్టుకుని పరుగెత్తినవాళ్ళను వేళ ఎంతైందని అడిగితే ఏం చెబుతారు?

ఇంకో సంగతి. కోర్టులో ఆమెకు పేరు ఉండదు. పి.డబ్ల్యు. (ప్రాసిక్యూషన్ సాక్షి) 4 అనో 7 అనో అంటారు. ఉదయం పదింటికే వచ్చి వరండాలో కింద కూర్చుంటుంది. ముద్దాయిలు కూడా అదే వరండాలో ఉంటారు. టీ దుకాణం ఒకటే, కుళాయి ఒకటే. సాయంత్రం నాలుగింటికి వాయిదా పడిందని బంట్రోతు కేకేస్తాడు. బత్తా డబ్బులు చేతికి వస్తే వచ్చినట్టు, లేకపోతే లేదు. తిరిగి వెళ్ళే బస్సు కూడా అందరికీ ఒకటే. మీ థీసిస్‌లో ఆ వరండాకు ఒక అధ్యాయం ఇవ్వండమ్మా.

కావలి మాస్టారు (కావలి)

అమ్మాయీ, చరిత్ర పాఠం చెప్పి రిటైరైనవాడిని. నీ ప్రశ్న చూడగానే ఇటలీలోని టెర్ని అనే ఊరు గుర్తుకు వచ్చింది. ఉక్కు కార్మికుల పట్టణం అది. 1949 మార్చిలో నాటో ఒప్పందానికి వ్యతిరేకంగా కార్మికులు ఊరేగింపు తీస్తే, పోలీసుల చేతిలో లుయిజీ ట్రాస్తుల్లి అనే యువకుడు చనిపోయాడు. పాతికేళ్ళ తరువాత అలెస్సాండ్రో పోర్టెల్లి అనే పరిశోధకుడు వెళ్ళి అడిగితే, చాలామంది కార్మికులు అతడు 1953లో, ఫ్యాక్టరీలోంచి రెండు వేలమందికి పైగా కార్మికులను తీసేసినప్పుడు జరిగిన వీధిపోరాటంలో చనిపోయాడని చెప్పారు. పోర్టెల్లి దాన్ని తప్పుగా కొట్టేయలేదు. ఇంతమంది కలిసి ఒకే రకంగా ఎందుకు తప్పు చెబుతున్నారని ఆలోచించాడు. తమ సాటివాడు ఊరికే పోయాడంటే, అప్పుడు తాము ఏమీ చేయలేకపోయామంటే ఆ కార్మికుల మనసు ఒప్పుకోలేదు. అందుకే ఆ చావును తీసుకువెళ్ళి పోరాటం జరిగిన ఏడాదిలో పెట్టుకున్నారు. మౌఖిక చరిత్ర చదివేవాళ్ళు ఇప్పటికీ ఆ వ్యాసంతోనే మొదలుపెడతారు.

కాబట్టి మళ్ళీ ఒకసారి వెళ్ళు. దాడి ఎప్పుడు జరిగిందని అడగకు. ఆ ఏడాది కోతల్లో ఏం జరిగిందని అడుగు. కేసు పెట్టినవాళ్ళను పనికి పిలవకపోవడం మన పల్లెల్లో తెలియని సంగతి కాదు. నా అనుమానం అదీ.

పత్రాల కోసం తిరిగేటప్పుడు ఒకటి గుర్తుపెట్టుకో. కారంచేడు అప్పట్లో ప్రకాశం జిల్లా, 2022 ఏప్రిల్ నుంచి బాపట్ల జిల్లా. మా పక్కనున్న కందుకూరు 2022లోనే ప్రకాశంలోంచి నెల్లూరుకు వచ్చింది. జిల్లాలు మారినప్పుడు పాత దస్త్రాలు ఎక్కడ ఉన్నాయో ముందు కనుక్కుని బయలుదేరితే ఛార్జీలు మిగులుతాయి.

మార్కాపురం పలక (మార్కాపురం)

ఇక్కడ ఒక వైపే మాట్లాడుతున్నారని నాకనిపిస్తోంది. కోపంతో అనడం లేదు, బాధతో అంటున్నాను.

మాది నల్లమల అంచు. మా చిన్నతనంలో రాత్రి నక్సలైట్లు వచ్చి అన్నం పెట్టమనేవారు. తెల్లవారి పోలీసులు వచ్చి ఎందుకు పెట్టావనేవారు. మా చిన్నాన్నను ఇన్‌ఫార్మర్ అన్నారు. ఆయనకు పోలీసు స్టేషను గుమ్మం కూడా తెలియదు. గట్టు తగాదా ఉన్న మనిషి ఒకడు వాళ్ళ చెవిన వేసిన మాట అది. చావు తప్పింది కానీ కాలు పోయింది. ఆయన కోసం ఏ నిజనిర్ధారణ కమిటీ మా ఊరు రాలేదు. 1995 డిసెంబరు 1న ఒంగోలులో పార్లమెంటు సభ్యుడు మాగుంట సుబ్బరామిరెడ్డి గారిని నక్సలైట్లు కాల్చి చంపారు. 2007 సెప్టెంబరులో మాజీ ముఖ్యమంత్రి నేదురుమల్లి జనార్దనరెడ్డి గారి మీద నెల్లూరు జిల్లా విద్యానగర్ దగ్గర మందుపాతర పేల్చారు. ఆయన బతికారు, వెంట ఉన్న ముగ్గురు పోయారు. రాజకీయ హింస అన్నప్పుడు ఇవి కూడా అందులో ఉండాలి కదా? వీటి మీద నోరు విప్పినవాళ్ళు ఎవరు?

పెన్నా తీరం (నెల్లూరు)

మార్కాపురం సోదరుడికి. మీ చిన్నాన్న గారికి జరిగింది పరిశోధనల్లో లేకపోలేదు. గ్రీసు అంతర్యుద్ధం మీద ఊరూరా తిరిగిన స్టాథిస్ కలివాస్ సరిగ్గా ఇదే చూశాడు. పైనుంచి సిద్ధాంతాల పోరులా కనబడే చావుల్లో చాలావాటి వెనుక గట్టు తగాదాలు, పెళ్ళి సంబంధాల పగలు ఉన్నాయని తేల్చాడు. ఆయుధం ఉన్నవాడికి సమాచారం కావాలి, పగ ఉన్నవాడికి ఆయుధం కావాలి. చిన్నాన్నలు ఆ ఇద్దరి మధ్య నలిగిపోతారు.

మన దగ్గర నోరు విప్పినవాళ్ళు ఉన్నారు. కొంచెం నిదానంగా చెప్పనివ్వండి.

న్యాయవాది కె.జి. కన్నబిరాన్ గారి బాల్యం మా నెల్లూరులోనే గడిచింది. ఎమర్జెన్సీ నాటి ఎన్‌కౌంటర్ల మీద 1977లో వేసిన తార్కుండే కమిటీలో పనిచేశారు. తరువాత ఏళ్ళ తరబడి పౌరహక్కుల సంఘానికి అధ్యక్షుడిగా ఉన్నారు. ఆ సంఘం మూల్యం ఎలా చెల్లించిందో చూడండి. 1985 జనవరిలో జగిత్యాలలో గోపి రాజన్నను చంపారు. సెప్టెంబరు 3న వరంగల్‌లో డాక్టర్ రామనాథం గారిని, పసిపిల్లల వైద్యుడిని, సొంత క్లినిక్‌లో కాల్చి చంపారు. ముందురోజు హత్యకు గురైన పోలీసు అధికారి అంతిమయాత్ర ఆ దారినే వెళుతోంది. కారంచేడు జూలైలో. మూడూ ఒకే సంవత్సరం. 1991 డిసెంబరులో హనుమకొండలో న్యాయవాది నర్రా ప్రభాకరరెడ్డి గారు, 2000 నవంబరులో హైదరాబాద్‌లో పురుషోత్తం గారు, మూడు నెలలకే నల్గొండలో ఆజం అలీ.

ఇక మీరు అడిగిన రెండో వైపు. ఆ సంఘంలోనే బాలగోపాల్ గారు లేవనెత్తిన ప్రశ్న అది. రాజ్యం చేసే హత్యలను ఖండించే మనం, ప్రజల పేరుతో సాయుధులు చేసే హత్యల మీద ఎందుకు మాట్లాడకూడదు? ఏళ్ళ తరబడి వాదన నడిచింది. చివరికి దారులు వేరై 1998 అక్టోబరులో మానవ హక్కుల వేదిక పుట్టింది. పాతికేళ్ళ స్నేహాలు తెగిపోయాయి. 1989లో ఆయనను అజ్ఞాత వ్యక్తులు ఎత్తుకుపోయినప్పటి కంటే, సాటివాళ్ళు ముఖం తిప్పుకున్నప్పుడే ఎక్కువ నొచ్చుకుని ఉంటారని నా నమ్మకం. ఎస్.ఆర్. శంకరన్ గారి పౌరస్పందన వేదిక 1997 నుంచి ఇటు ప్రభుత్వంతోనూ అటు నక్సలైట్లతోనూ మాట్లాడుతూనే వచ్చింది. ఆయన 1987లో తూర్పు గోదావరి ఏజెన్సీలోని గుర్తేడులో నక్సలైట్ల చేతికి చిక్కిన ఐ.ఏ.ఎస్. అధికారుల్లో ఒకరు. అయినా మనసులో కసి పెట్టుకోలేదు. 2004 అక్టోబరులో చర్చలు జరిగాయంటే అందులో ఆ ఏడేళ్ళ చాకిరీ ఉంది.

ఇంకొకటి. విలేఖరిగా పనిచేసిన మనిషిగా దీన్ని చెప్పకుండా ఉండలేను. హిందూ ముస్లిం అల్లర్ల మీద అశుతోష్ వార్ష్ణే, స్టీవెన్ విల్కిన్సన్ తయారుచేసిన లెక్క పేరున్నది. 1950 నుంచి 1995 దాకా బొంబాయిలో అచ్చైన ఒక ఆంగ్ల పత్రిక వార్తలను ఏరి కూర్చారు. ఆ లెక్కలోని చావుల్లో పల్లెల వాటా నూటికి నాలుగు కూడా లేదు. పల్లెల్లో మతకలహాలు తక్కువన్నది నిజమే కావచ్చు. కానీ వార్త ఎలా ప్రయాణం చేసేదో నాకు తెలుసు. ఉదయగిరి ప్రాంతంలో పనిచేసినప్పుడు రాసిన కాగితాలు కవరులో పెట్టి సాయంత్రం బస్సు డ్రైవరు చేతికి ఇచ్చేవాడిని. బస్సు చెడిపోతే వార్త లేదు. చేరినా జిల్లా పేజీలో చోటు లేకపోతే లేదు. అక్కడి నుంచి బొంబాయి దాకా ఎన్ని జల్లెడలు! పత్రికల మీద కట్టిన ఏ లెక్క చూసినా నాకు ఆ బస్సు గుర్తుకు వస్తుంది.

మార్కాపురం పలక (మార్కాపురం)

చదివాను. బాలగోపాల్ గారి సంగతి ఇంత వివరంగా తెలియదు. మా చిన్నాన్నకు చదివి వినిపిస్తాను.

సింగరాయకొండ (సింగరాయకొండ)

నా మాట కొందరికి నచ్చకపోవచ్చు. ఆ ఊళ్ళలో ఇప్పుడు రెండు వైపుల పిల్లలూ ఒకే కాలేజీ బస్సు ఎక్కుతున్నారు. ఒకరి పెళ్ళికి ఒకరు వెళుతున్నారు. మానిన పుండును మళ్ళీ కెలికి, రికార్డు చేసుకుని, పరిశోధకులు పట్టా తీసుకుని విశ్వవిద్యాలయానికి వెళ్ళిపోతారు. ఊరివాళ్ళు ఊళ్ళోనే ఉండాలి. ఆ అమ్మమ్మకు రేపు ఏదైనా జరిగితే ఎవరు బాధ్యులు? ఇంతకీ కులతగాదాను రాజకీయ హింస అనడం ఏమిటి?

కావలి మాస్టారు (కావలి)

నాయనా, పుండు మానిందో లేదో చెప్పవలసింది పుండు ఉన్నవాళ్ళు. పదకొండు సమన్లను వేపాకు పెట్టి దాచుకున్న మనిషి మరిచిపోయిందని నువ్వూ నేనూ ఎలా అనుకుంటాం?

పెళ్ళిళ్ళకు వెళ్ళడం మంచిదే, నాకు సంతోషమే. పెళ్ళిలో వంటపాత్ర దగ్గరికి ఎవరిని రానిస్తున్నారో కూడా చూసి చెప్పు.

కోర్టు వరండా (ఒంగోలు)

ఆఖరి ప్రశ్నకు నేను జవాబు చెబుతాను. ఒకడిని కొట్టి, మిగిలిన వెయ్యిమందికి "మీ హద్దులో మీరు ఉండండి" అని చెప్పడమే ఉద్దేశమైతే అది రాజకీయ హింసే. ఊరి నీళ్ళు, ఊరి భూమి, ఊరి మీద మాట ఎవరివన్నదే అక్కడి తగాదా. 1989లో ఎస్సీ, ఎస్టీల మీద అత్యాచారాల నిరోధక చట్టం తెచ్చినప్పుడు, భూమి లాక్కోవడం, తాగునీరు పాడుచేయడం, ఓటు వేయనివ్వకపోవడం లాంటివి ఆ చట్టం పరిధిలోకి రావడానికి కారణం ఇదే.

రక్షణ విషయంలో మాత్రం సింగరాయకొండ గారి భయం నిజమైనది, తీసిపారేయకండి. 2015లో ఆ చట్టాన్ని సవరించి బాధితుల హక్కులకూ సాక్షుల హక్కులకూ ప్రత్యేకంగా ఒక అధ్యాయం చేర్చారు. ప్రయాణ ఖర్చులు, రక్షణ, ఊరు మారవలసి వస్తే అందుకు ఏర్పాటు అన్నీ అందులో ఉన్నాయి. 2018 డిసెంబరులో సుప్రీంకోర్టు సాక్షుల రక్షణ పథకాన్ని ఆమోదించి దేశమంతటా అమలు చేయమంది. నేర విచారణ పద్ధతిని చెప్పే కొత్త చట్టం, భారతీయ నాగరిక్ సురక్షా సంహిత కూడా ప్రతి రాష్ట్రం ఇలాంటి పథకం తయారు చేయాలంటోంది. కాగితం మీద ఇంత ఉంది. వరండాలో టీ దుకాణం మాత్రం ఇప్పటికీ ఒకటే.

నిర్వాహకులు

ఊళ్ళ పేర్లు, సాక్షుల పేర్లు, గుర్తుపట్టే ఆనవాళ్ళు రాయవద్దని మనవి. ఇద్దరు సభ్యులు పెట్టిన వ్యాఖ్యలు ఈ కారణంతోనే తొలగించాం.

గుండ్లకమ్మ గట్టు (ఒంగోలు)

ఆలస్యానికి మన్నించండి. ఆదివారం ఆ ఊరు వెళ్ళి వచ్చాను.

మాస్టారూ, మీరు చెప్పినట్టే అడిగాను. "అమ్మమ్మా, ఆ ఏడు కోతలకు ఎక్కడికి వెళ్ళావు?" చాలాసేపు మాట్లాడలేదు. తరువాత చెప్పింది. వెళ్ళలేదట. కొడవలికి కక్కు పెట్టించుకుని, చద్ది కట్టుకుని, తెల్లవారకముందే అరుగు మీద కూర్చుందట. ముఠా మేస్త్రి వీధిలో ఇంటింటికీ పిలుచుకుంటూ వచ్చి, ఆమె ఇంటి ముందు మాత్రం ఆగకుండా వెళ్ళిపోయాడట. మర్నాడూ అంతే. ఆ మర్నాడూ అంతే. పదిహేను రోజులు అలా చద్ది కట్టుకుని కూర్చుందట. "కొట్టిన రోజు ఒళ్ళు నొచ్చింది తల్లీ. అది పోయింది. పిలవని రోజులు పోలేదు" అంది.

ఆమె దాడి అన్న ప్రతిసారీ ఈ పదిహేను రోజుల గురించే చెప్పింది. నేను జూన్ గురించి అడుగుతూ ఉన్నాను. మూడుసార్లు వెళ్ళి మూడుసార్లూ నా ప్రశ్ననే పట్టుకుని కూర్చున్నందుకు సిగ్గుపడుతున్నాను. ఇప్పుడు రెండు తేదీలూ రాస్తాను. కాగితం చెప్పే తేదీ కాగితానిదిగా, ఆమె చెప్పేది ఆమెదిగా.

సింగరాయకొండ గారూ, మీ మాట నన్ను రెండు రాత్రులు నిద్రపోనివ్వలేదు. రాసినదంతా ఆమెకు చదివి వినిపించాను. ఏది వద్దంటే అది తీసేస్తానని ముందే చెప్పాను. రికార్డింగు ఒక ప్రతి ఆమె మనవడికి ఇచ్చాను. ఊరి పేరు, సంవత్సరం, ఆమె బంధుత్వాలు మార్చాను. టంగుటూరు కూడా మారుస్తాను. ఇక్కడ రాసి ఉండకూడదు.

విన్న తరువాత ఒకటి తీసేయమంది, ఒకటి చేర్చమంది. తీసేయమన్నది ఏమిటో చెప్పను. చేర్చమన్నది పక్కింటామె సంగతి. ఆ పక్కింటామె కూడా దాడి చూసింది. సాక్ష్యం చెప్పలేదు. పోలీసులు అడిగితే ఇంట్లో లేనంది. నా పట్టికలో ఆమె "మౌనంగా ఉన్నవారు" అన్న గడిలో ఉంది. అమ్మమ్మ చెప్పిందేమిటంటే, పదకొండు వాయిదాలకూ ఈమె పిల్లలను చూసుకున్నది ఆమేనట. పనికి పిలవని ఆ పదిహేను రోజులూ చీకటి పడ్డాక పెరటి గోడ మీద నుంచి ఒక సోలెడు బియ్యం పెట్టి వెళ్ళేదట. ఇద్దరూ ఆ సంగతి ఇంతవరకు ఒకరితో ఒకరు కూడా మాట్లాడుకోలేదట. "ఆమె పేరు వద్దు. బియ్యం సంగతి మాత్రం రాయి" అంది.

లాయరు గారూ, పి.డబ్ల్యు. 4 అన్నదే ఆ అధ్యాయానికి పేరుగా పెట్టాను. పట్టికలో పక్కింటామెకు గడి ఇంకా దొరకలేదు.

కోర్టు వరండా (ఒంగోలు)

పట్టికే తీసేయండమ్మా. సర్టిఫైడు ప్రతుల కోసం కోర్టులో దరఖాస్తు పెట్టేటప్పుడు చెప్పండి, వెంట వస్తాను.